తొమ్మిదేళ్ల ఎడం: జావాలో అర్రేలు, జెనరిక్స్, వరార్గ్స్

జావా ల్యాబ్‌లో కూర్చున్న విద్యార్థి ఎప్పుడో ఒకప్పుడు చూసే నోటు ఒకటి ఉంది. ప్రోగ్రాం కంపైల్ అవుతుంది, క్లాస్ ఫైలు తయారవుతుంది, అడిగిన జవాబూ వస్తుంది. మధ్యలో మాత్రం కంపైలర్ రెండు వరుసలు రాస్తుంది: ఈ ఫైలులో తనిఖీకి అందని, భద్రత లేని పనులున్నాయి, వివరాలు కావాలంటే ఎక్స్‌లింట్ అన్‌చెక్డ్ అనే ఆప్షన్ పెట్టి మళ్లీ కంపైల్ చేసుకో అని. ఎర్రర్ కాదు గనక మళ్లీ కంపైల్ చేసేవాళ్లు అరుదు. అవుట్‌పుట్ రికార్డులోకి ఎక్కుతుంది, సంతకం పడుతుంది, వైవా అయిపోతుంది. కర్నూలు, కడప జిల్లాల కాలేజీల్లో గత ఇరవై ఏళ్లుగా జావా నేర్చుకున్నవాళ్లలో చాలామంది ఈ నోటును ఇలాగే దాటి వచ్చారు.

ఆ రెండు వరుసల వెనక ఉన్నది ఎవరి నిర్లక్ష్యమూ కాదు. తొమ్మిదేళ్ల ఎడంతో తీసుకున్న రెండు నిర్ణయాలు. మొదటిది 1995 నాటిది, అర్రేల గురించి. రెండోది 2004లో ఖరారైంది, జెనరిక్స్ గురించి. దేనికది చూస్తే ఆనాటి అవసరానికి సరిపోయినదే. ఆ రెండూ ఒకే చోట ఎదురుపడినప్పుడు చిక్కు వచ్చింది. ఎదురుపడిన చోటు వరార్గ్స్. ఈ మూడింటినీ శుభ్రంగా వాడటం ఎలాగో తెలియాలంటే ముందు ఈ క్రమం తెలియాలి. సూత్రాలను బట్టీ పట్టినవాళ్లకు కొత్త సందర్భం ఎదురైతే ఏ సూత్రం వాడాలో తోచదు.

సన్ మైక్రోసిస్టమ్స్ 1995 మే 23న జావాను లోకానికి చూపించింది. 1996 జనవరిలో మొదటి కిట్ విడుదలైంది. అప్పటి జావాలో జెనరిక్స్ లేవు. ఏ రకం వస్తువునైనా పెట్టుకోడానికి వెక్టర్, హాష్‌టేబుల్ ఉండేవి, వాటిలోంచి తీసిన ప్రతి వస్తువునూ కాస్ట్ చేసుకోవాలి. మరి ఏ రకం అర్రేనైనా తీసుకుని సార్ట్ చేసే మెథడ్ ఒక్కటి రాయాలంటే ఎలా? జేమ్స్ గాస్లింగ్ బృందం అర్రేలను కోవేరియంట్ చేసింది. అంటే ఒక రకం మరో రకానికి ఉపరకమైతే, మొదటిదాని అర్రే కూడా రెండోదాని అర్రేకు ఉపరకమే. స్ట్రింగ్ అర్రేను ఆబ్జెక్ట్ అర్రే అడిగే మెథడ్‌కు నిక్షేపంగా ఇవ్వవచ్చు. ఒక్క మెథడ్ అన్ని రకాలకూ సరిపోతుంది.

ఈ సౌకర్యానికి ధర ఉంది. కర్నూలు మార్కెట్ యార్డు లెక్కలు చూసే ఒక చిన్న ప్రోగ్రాం ఊహించండి. సరుకు అనేది మూల క్లాసు, ఉల్లి, వేరుశనగ దాని ఉపక్లాసులు. యార్డుకు వచ్చిన వంద లాట్ల ఉల్లికి ఒక ఉల్లి అర్రే ఉంది. దాన్ని సరుకు అర్రే అడిగే మెథడ్‌కు అందించాం. ఆ మెథడ్ ధరలు చదివి, క్రమంలో పేర్చి ఊరుకుంటే గొడవ లేదు. కానీ సున్నా స్థానంలో ఒక వేరుశనగ లాటు పెట్టిందనుకోండి. కంపైలర్‌కు అది తప్పుగా కనబడదు, సరుకు అర్రేలో వేరుశనగ పెట్టడం న్యాయమే కదా. ప్రోగ్రాం నడిచేటప్పుడు మాత్రం జావా వర్చువల్ మెషీన్ అలా పెట్టడాన్ని అక్కడికక్కడే ఆపి అర్రేస్టోర్‌ఎక్సెప్షన్ విసురుతుంది. ఎలా తెలిసింది? ప్రతి అర్రే తాను పుట్టిన రకాన్ని తనతోనే మోసుకు తిరుగుతుంది. ఎవరు ఏ పేరుతో పిలిచినా అది ఉల్లి అర్రేనని దానికి గుర్తుంటుంది. ఆబ్జెక్టుల అర్రేలో వస్తువు పెట్టినప్పుడల్లా ఆ గుర్తుతో పోల్చి చూస్తారు. కంపైలర్ వదిలేసిన కాపలాను రన్‌టైమ్ చూసుకుంటుంది, అదే 1995 నాటి ఒప్పందం.

ఈ ఒప్పందం నచ్చనివాళ్లు మొదటి నుంచీ ఉన్నారు. జావా బయటికి వచ్చిన ఏడాదిలోపే కార్ల్స్‌రూహే విశ్వవిద్యాలయపు మార్టిన్ ఓడర్‌స్కీ, గ్లాస్గో విశ్వవిద్యాలయపు ఫిలిప్ వాడ్లర్ కలిసి జావా మీద పిజ్జా అనే భాషను కట్టడం మొదలుపెట్టారు. 1997 జనవరిలో దాని మీద వ్యాసం చదివారు. ఫంక్షనల్ భాషల్లో అప్పటికే పాతబడిన పారామెట్రిక్ రకాలను జావాలోకి దించి, మామూలు జావా బైట్‌కోడ్‌గా అనువదించవచ్చని చూపించారు. అదే ఏడాది మసాచుసెట్స్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ టెక్నాలజీలో బార్బరా లిస్కోవ్ బృందం పాలీజే అన్న మరో ప్రతిపాదన తెచ్చింది. సన్ దృష్టి పడింది పిజ్జా మీదే. సన్‌లో పనిచేస్తున్న గిలాడ్ బ్రాచా, డేవిడ్ స్టౌటమైర్ ఓడర్‌స్కీ, వాడ్లర్‌లతో కలిశారు. పిజ్జాలోంచి జెనరిక్స్ ముక్కను మాత్రం విడదీసి జీజే అని పేరు పెట్టారు. 1998లో ఊప్స్లా అనే పరిశోధన సభలో ఆ నలుగురి వ్యాసం వచ్చింది.

జీజే ఎంచుకున్న పద్ధతి చెరిపివేత. లిస్టులో ఉండేది ఉల్లి అని మనం రాసిన రకాన్ని కంపైలర్ చదువుతుంది, దాని ప్రకారం తప్పులు పట్టుకుంటుంది, అవసరమైన కాస్టులు తానే చేరుస్తుంది, ఆపైన ఆ సమాచారాన్ని చెరిపేస్తుంది. నడిచే సమయానికి ఉల్లి లిస్టూ లేదు, వేరుశనగ లిస్టూ లేదు, ఉన్నది వట్టి లిస్టు. పాత వర్చువల్ మెషీన్‌ను ముట్టుకోనక్కరలేదు. జెనరిక్స్ పేరు వినని పాత లైబ్రరీ, జెనరిక్స్‌తో రాసిన కొత్త ప్రోగ్రాం పక్కపక్కన నడుస్తాయి.

అదే 1998 ఊప్స్లాలో, అదే సమస్య మీద, వేరే దారి చూపిన వ్యాసం కూడా ఉందన్న సంగతి మన పాఠ్యపుస్తకాల్లో కనబడదు. రైస్ విశ్వవిద్యాలయపు రాబర్ట్ కార్ట్‌రైట్, సన్‌లోనే ఉన్న గై స్టీల్ రాసిన ఆ ప్రతిపాదన పేరు నెక్స్ట్‌జెన్. అందులో జెనరిక్ రకం నడిచేటప్పుడు కూడా నిలిచి ఉంటుంది. ఆ దారి పట్టి ఉంటే ఉల్లి లిస్టుల అర్రేను నేరుగా సృష్టించుకోగలిగేవాళ్లం, ఈ వ్యాసం రాయాల్సిన పనే ఉండేది కాదు. కానీ 1999లో జేఎస్ఆర్ 14 పేరుతో జెనరిక్స్ ప్రతిపాదన అధికారికంగా మొదలైనప్పుడు గెలిచింది చెరిపివేతే.

ఎందుకు గెలిచిందో కర్నూలు, కడప ప్రాంతంవాళ్లకు చెప్పడం తేలిక. సుంకేసుల దగ్గర తుంగభద్ర నుంచి కడప దాకా పారే కె.సి. కెనాల్ 1860లలో మద్రాసు ఇరిగేషన్ కంపెనీ తవ్వింది, 1882లో ప్రభుత్వం కొనుక్కుంది. నూరేళ్లు దాటాక, 1990ల చివర్లో జపాన్ రుణంతో దాన్ని ఆధునికీకరించాల్సి వచ్చినప్పుడు ఎవరూ పక్కన కొత్త కాలువ తవ్వుదామనలేదు. ఆయకట్టు పాత కాలువ మీదే బతుకుతోంది గనక పనులు ఆ కాలువలోనే జరగాలి. జావా పరిస్థితీ అదే, ఇంకాస్త ఇరుకు. కాలువ పనికి వేసవిలో నీళ్లు కట్టేసే వెసులుబాటు ఉంటుంది. బ్యాంకుల్లో, టెలికాం కంపెనీల్లో రాత్రింబవళ్లు నడుస్తున్న జావాకు ఆ వేసవి లేదు. లైబ్రరీ రాసినవాళ్లు ఒక రోజు, దాన్ని వాడేవాళ్లు మరో రోజు, ఎవరి వీలును బట్టి వాళ్లు జెనరిక్స్‌లోకి మారాలి, మధ్యలో ఏదీ ఆగకూడదు. మైక్రోసాఫ్ట్ ఇంకో పద్ధతి పట్టింది. కేంబ్రిడ్జ్ పరిశోధనశాలలో ఆండ్రూ కెన్నెడీ, డాన్ సైమ్ చేసిన పనితో 2005 సీ షార్ప్ 2.0లో రన్‌టైమ్‌కూ తెలిసే జెనరిక్స్ వచ్చాయి. అందుకోసం వాళ్లు పాత కలెక్షన్లను అలాగే వదిలి, పక్కన కొత్త జెనరిక్ కలెక్షన్లు కట్టారు. వయసులో చిన్న వేదిక కాబట్టి చెల్లింది.

2004 సెప్టెంబర్ 30న టైగర్ అనే ముద్దుపేరుతో జావా 5 విడుదలైంది. జెనరిక్స్, ఈనమ్‌లు, ఆటోబాక్సింగ్, కొత్త ఫర్ లూప్, యానొటేషన్లు, వరార్గ్స్ అన్నీ ఒకే పెట్టెలో వచ్చాయి. జావా చరిత్రలో భాష అంతగా మారిన విడుదలలు తక్కువ.

ఇక్కడ 1995కూ 2004కూ మధ్య ఎడం బయటపడింది. అర్రే తన రకాన్ని నడిచే సమయంలో గుర్తుంచుకుంటుంది, జెనరిక్ లిస్టు మరిచిపోతుంది. అర్రేకు కాపలా రన్‌టైమ్‌లో, లిస్టుకు కాపలా కంపైలర్ దగ్గర. మరి ప్రతి గడిలోనూ ఒక ఉల్లి లిస్టు ఉండే అర్రే కావాలంటే? జావా 5 కంపైలర్ దాన్ని వార్నింగుతో వదలదు, నేరుగా ఎర్రర్ ఇస్తుంది. అది మొండితనం అనిపిస్తుంది గానీ లెక్క చూస్తే న్యాయమే. అలాంటి అర్రేను అనుమతించారనుకుందాం. 1995 నియమం ప్రకారం దాన్ని ఆబ్జెక్ట్ అర్రేగా చూడవచ్చు. అందులో ఒక వేరుశనగ లిస్టు పెట్టవచ్చు. కాపలాదారు వచ్చి చూస్తే, అర్రేకు గుర్తున్నది లిస్టు అని, పెడుతున్నదీ లిస్టే. ఉల్లి, వేరుశనగ అన్న తేడా అప్పటికే చెరిగిపోయింది. కాపలాదారు దారి వదిలేస్తాడు. ఎక్కడో వంద వరుసల అవతల, ఆ గడిలోని లిస్టులోంచి మొదటి ఉల్లిని తీయబోతే క్లాస్‌కాస్ట్‌ఎక్సెప్షన్ పడుతుంది. మనం అక్కడ ఏ కాస్టూ రాసి ఉండం. కంపైలర్ తన చేత్తో చేర్చిన కాస్టు అది. తప్పు జరిగింది ఒకచోట, పట్టుబడేది మరోచోట. జావా భాషా నిర్దేశం ఈ స్థితిని హీప్ పొల్యూషన్ అంటుంది.

సొంతంగా జెనరిక్ స్టాక్, క్యూ లాంటివి రాసేవాళ్లకు ఈ నిషేధం వెంటనే తగులుతుంది. టైప్ పారామీటర్ పేరుతో కొత్త అర్రే సృష్టించబోతే ఎర్రర్. డేటా స్ట్రక్చర్స్ ల్యాబ్‌లో స్టాక్‌ను జెనరిక్‌గా రాయమంటే విద్యార్థి మొదట ఆగిపోయేది ఇక్కడే. దీనికి జవాబు జావా లైబ్రరీలోనే ఉంది, తెరిచి చూస్తే చాలు. అర్రేలిస్ట్ లోపల ఉన్నది ఆబ్జెక్ట్ అర్రే. వస్తువును బయటికి ఇచ్చే చిన్న అంతర్గత మెథడ్ ఒకటుంది, కాస్టు అక్కడే జరుగుతుంది, వార్నింగును అణిచే సప్రెస్‌వార్నింగ్స్ గుర్తు కూడా ఆ మెథడ్ నెత్తిన ఉంది. జావా 6లో వచ్చిన అర్రేడెక్ మరో దారి పట్టింది. ఆబ్జెక్ట్ అర్రే సృష్టించి, ఒకేసారి టైప్ పారామీటర్ అర్రేగా కాస్టు చేసి, ఫీల్డులో అదే పేరుతో దాచుకుంది. చదవడానికి రెండోది హాయిగా ఉంటుంది. అయితే ఆ అర్రే క్లాసు గడప దాటకూడదు. దాన్ని రిటర్న్ చేసిన మరుక్షణం, బయట ఉల్లి అర్రే అనుకుని అందుకునేవాడి చేతికి ఆబ్జెక్ట్ అర్రే వస్తుంది, ప్రోగ్రాం అక్కడే కూలుతుంది. అర్రే బయటికి పోవాల్సిన అవసరం నిజంగా ఉంటే దాని అసలు రకం ఎవరో ఒకరు చెప్పాలి. క్లాస్ ఆబ్జెక్టును అడిగి తీసుకుని రిఫ్లెక్షన్‌లోని న్యూఇన్‌స్టన్స్ మెథడ్‌తో సృష్టించడం పాత మార్గం. అర్రే సృష్టించే ఫంక్షన్‌నే పారామీటరుగా అడగడం జావా 8 స్ట్రీములతో వచ్చిన మార్గం. 2018లో జావా 11 దాన్ని మామూలు కలెక్షన్లకూ ఇచ్చింది.

ఈ రెండు కాలాల మధ్య తగవు ఎంత లోతుకు పోయిందో చూపే చిన్న ముక్క ఒకటి అర్రేలిస్ట్ సోర్సులోనే ఉండేది. మరో కలెక్షన్ నుంచి అర్రేలిస్ట్ తయారుచేసే కన్‌స్ట్రక్టర్‌లో, అవతలి కలెక్షన్ ఇచ్చిన అర్రే నిజంగా ఆబ్జెక్ట్ అర్రేనా అని ఒక పరీక్ష, దాని పక్కన 6260652 అనే బగ్ నంబరు కనిపించేవి. సంగతి ఇది. అర్రేస్.యాజ్‌లిస్ట్‌కు స్ట్రింగులు ఇచ్చి, వచ్చిన లిస్టును మళ్లీ టుఅర్రే చేస్తే ఆబ్జెక్ట్ అర్రే రావాలి, ఒప్పందం అది. వచ్చేది మాత్రం స్ట్రింగ్ అర్రే. ఎందుకంటే యాజ్‌లిస్ట్ మనమిచ్చిన అర్రేనే లోపల దాచుకుంది, టుఅర్రే దాన్ని క్లోన్ చేసి ఇచ్చింది, క్లోన్ కూడా తన పుట్టుకను మరచిపోలేదు. ఆబ్జెక్ట్ అర్రే అని నమ్మి అందులో ఓ పూర్ణాంకం పెడితే అర్రేస్టోర్‌ఎక్సెప్షన్. ఈ లోపాన్ని జావా 9లో సరిదిద్దారు. 1995లో గీసిన గీత ఇరవై ఏళ్ల తర్వాత లైబ్రరీ రాసిన నిపుణులకే అడ్డుపడిందంటే, ల్యాబ్‌లో విద్యార్థికి అడ్డుపడటం వింత కాదు.

ఇప్పుడు వరార్గ్స్. ఒక మెథడ్‌కు ఎన్ని ఆర్గ్యుమెంట్లయినా ఇవ్వగలగడం సీ భాషలో ప్రింట్‌ఎఫ్ వాడినవాళ్లకు కొత్త కాదు. జావాకు కూడా ఆ ప్రింట్‌ఎఫ్ వరార్గ్స్‌తోనే వచ్చింది. రకం పేరు తర్వాత మూడు చుక్కలు పెడితే చాలు. పిలిచేవాళ్లు కామాలతో ఎన్ని ఇచ్చినా కంపైలర్ వాటిని మూటగట్టి ఒక అర్రేగా అందిస్తుంది. ఆ అర్రేను ఎవరూ రాయలేదు, పిలుపు జరిగిన చోట కంపైలర్ సృష్టించింది. చిక్కు అక్కడే ఉంది. మూడు ఉల్లి లిస్టుల్ని కలిపి ఒకటి చేసే మెథడ్‌ను వరార్గ్స్‌తో రాశారనుకోండి. దాన్ని పిలిస్తే కంపైలర్ ఉల్లి లిస్టుల అర్రే ఒకటి సృష్టించాలి. మనం చేస్తే ఎర్రర్ అన్న పనినే తాను చేయాలి! చేసింది. నిషేధిస్తే ఎంతో ఉపయోగమున్న మెథడ్‌లు పోతాయి. అందుకని ఎర్రర్ ఇవ్వకుండా వార్నింగుతో సరిపెట్టింది. నిషేధంతో తలుపు వేసి కిటికీ తెరిచినట్టయిందని విమర్శించవచ్చు, విమర్శ సబబే. కానీ ఆ కిటికీ లేకపోతే యాజ్‌లిస్ట్ లేదు, కలెక్షన్స్.యాడ్‌ఆల్ లేదు, ఈనమ్‌సెట్.ఆఫ్‌లో వరార్గ్స్ రూపం లేదు.

వరార్గ్స్‌లో ప్రమాదం రెండు రూపాల్లో వస్తుంది. మొదటిది పైన చెప్పినదే: మెథడ్ లోపల ఆ అర్రేలో వేరే లిస్టు రాస్తే కలుషితం. రెండోది మరింత తెలివిగా దాక్కుంటుంది. తనకు వచ్చిన వరార్గ్స్ అర్రేను అలాగే తిరిగి ఇచ్చే జెనరిక్ మెథడ్ ఒకటుందనుకోండి. దాన్ని మెయిన్ నుంచి నేరుగా రెండు స్ట్రింగులతో పిలవండి. అక్కడ రకం స్ట్రింగ్ అని కంపైలర్‌కు తెలుసు, స్ట్రింగ్ అర్రే సృష్టిస్తుంది, అంతా సవ్యం. ఇప్పుడు మధ్యలో ఇంకో జెనరిక్ మెథడ్ పెట్టి, దాని ద్వారా మొదటిదాన్ని పిలవండి. ఆ మధ్య మెథడ్‌లో రకం వట్టి టైప్ పారామీటర్, చెరిపేస్తే ఆబ్జెక్ట్. కంపైలర్ అక్కడ ఆబ్జెక్ట్ అర్రే సృష్టిస్తుంది. అది మెయిన్ దాకా వచ్చి స్ట్రింగ్ అర్రే వేరియబుల్‌లో పడబోతే క్లాస్‌కాస్ట్‌ఎక్సెప్షన్. అదే మెథడ్, అవే రెండు స్ట్రింగులు. దారి మారితే ఫలితం మారింది. టెస్టులు మొదటి దారినే పరీక్షిస్తే ఈ తప్పు ఎన్నాళ్లయినా బయటపడదు.

ఇదంతా అమెరికాలో తేలుతున్న కాలంలో రాయలసీమలో జావా చదువు ఎలా ఉంది? కర్నూలులో జి. పుల్లారెడ్డి ఇంజినీరింగ్ కాలేజీ 1984 నుంచి ఉంది, కడపలో కె.ఎస్.ఆర్.ఎం. అంతకంటే పాతది. మొదటిది అనంతపురంలోని శ్రీకృష్ణదేవరాయ విశ్వవిద్యాలయం కింద, రెండోది తిరుపతి శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయం కింద నడిచేవి. పక్కపక్క జిల్లాలకు రెండు సిలబస్‌లు. 1998 నవంబర్‌లో హైదరాబాద్‌లో సైబర్ టవర్స్ ప్రారంభమయ్యాక ఇంజినీరింగ్ అంటే కంప్యూటర్ సైన్సే అన్న ఊపు సీమ పల్లెల దాకా వచ్చింది. 2008లో జేఎన్‌టీయూను విడగొట్టినప్పుడు అనంతపురం కేంద్రంగా ఏర్పడిన విశ్వవిద్యాలయం పరిధిలోకి ఈ రెండు జిల్లాలూ చేరాయి. అదే ఏడాది ఇడుపులపాయలో ఆర్‌జీయూకేటీ మొదలైంది. ఫీజు రీయింబర్స్‌మెంటు కూడా ఆ రోజుల్లోనే బలపడింది. మెట్టసేద్యం ఇళ్ల పిల్లలు, ఇంట్లో మొదటిసారి డిగ్రీ మొహం చూసినవాళ్లు, పెద్ద సంఖ్యలో జావా తరగతుల్లోకి వచ్చారు.

వాళ్ల చేతికందిన పుస్తకం ఎక్కువగా హెర్బర్ట్ షిల్ట్ రాసిన కంప్లీట్ రిఫరెన్స్. మంచి పుస్తకం, దాన్ని తప్పుపట్టడానికి లేదు. జావా 6 కూర్పులో వరార్గ్స్ ఏడో అధ్యాయంలో ఉంటాయి, జెనరిక్ అర్రేల పరిమితులు పద్నాలుగో అధ్యాయం చివర్లో. సిలబస్ యూనిట్లుగా ముక్కలయ్యేసరికి ఈ రెండూ వేర్వేరు యూనిట్లకు పోతాయి. అవి ఎదురుపడే చోటు ఏ యూనిట్‌కూ చెందలేదు. పరీక్షలో ప్రశ్న రాని విషయం చదువులో లేనట్టే.

ఆ ఖాళీని కొంత పూడ్చింది హైదరాబాద్‌లోని అమీర్‌పేట. ఫైనలియర్ అయిపోగానే కర్నూలు, నంద్యాల, ప్రొద్దుటూరు, కడప నుంచి బస్సెక్కి మైత్రీవనం చుట్టుపక్కల హాస్టళ్లలో దిగి, కోర్ జావా బ్యాచ్‌లో చేరడం ఒక తరం యువకులకు ఉద్యోగ ప్రస్థానంలో తప్పనిసరి మజిలీ. ఆ తరగతులకు దిక్సూచి సన్ సర్టిఫికేషన్ పరీక్ష. జావా 5 కోసం 310-055 నంబరుతో వచ్చిన పరీక్షలో జెనరిక్స్ చేరాయి. దానికి కాథీ సియెరా, బెర్ట్ బేట్స్ రాసిన గైడులో అర్రేల పద్ధతికీ జెనరిక్ కలెక్షన్ల పద్ధతికీ తేడాను ఓపికగా వివరించారు. ఆ పుస్తకం నుంచి అమీర్‌పేట నోట్సుల్లోకి, నోట్సుల నుంచి జిరాక్సుల్లోకి ఆ తేడా ప్రవహించింది. కాలేజీలో దొరకని ముక్క శిక్షణా కేంద్రంలో దొరికిందన్నమాట. అమీర్‌పేటను బట్టీ చదువుల అడ్డాగా తీసిపారేసేవాళ్లు ఈ మాట గమనించాలి. అయితే ఆ చదువుకు హద్దూ ఉంది. పరీక్ష అడిగేది ఈ కోడ్ కంపైల్ అవుతుందా కాదా అని. ఇలాంటి మెథడ్‌ను మనమే రాయాల్సి వస్తే ఎలా రాయాలన్నది ఉద్యోగంలో చేరాక, సీనియర్ రివ్యూలోనో, ప్రొడక్షన్‌లో పడిన ఎక్సెప్షన్‌తోనో నేర్చుకోవాల్సిందే.

ఆ రెండో పాఠం చెప్పిన పుస్తకం జాషువా బ్లోక్ రాసిన ఎఫెక్టివ్ జావా. కలెక్షన్స్ ఫ్రేమ్‌వర్క్‌ను రూపొందించినది ఆయనే. జెనరిక్స్ చేరిన రెండో కూర్పు 2008లో వచ్చింది. అర్రేలకంటే లిస్టులను ఎంచుకోమన్న సలహా అందులోనే ఉంది. మూడో కూర్పులో జెనరిక్స్, వరార్గ్స్ కలయికకు ప్రత్యేకంగా ఒక అంశమే కేటాయించాడు.

అప్పటికి వార్నింగుల బెడద ఎలా ఉందంటే, తప్పు చేయని మెథడ్‌ను పిలిచినవాళ్లకు కూడా పిలిచిన ప్రతిసారీ వార్నింగు వచ్చేది. యాజ్‌లిస్ట్‌కు మూడు జెనరిక్ లిస్టులిస్తే చాలు, కంపైలర్ గోల పెడుతుంది. యాజ్‌లిస్ట్ ఆ అర్రేలో అడ్డమైనవీ రాయదని దాన్ని రాసినవాళ్లకు తెలుసు, పిలిచేవాడికి తెలిసే దారి లేదు. చేయని తప్పుకు రోజూ మందలింపు పడితే మనిషి మందలింపును లెక్కచేయడం మానేస్తాడు. సప్రెస్‌వార్నింగ్స్‌ను క్లాసు మొత్తానికి తగిలించే చెడ్డ అలవాటు ఆ రోజుల్లోనే పాతుకుపోయింది.

2011 జులైలో వచ్చిన జావా 7 దీన్ని సరిచేసింది. 2010 జనవరిలో సన్‌ను ఒరాకిల్ కొనేసింది, ఈలోగా జోసెఫ్ డార్సీ నాయకత్వాన ప్రాజెక్ట్ కాయిన్ పేరిట చిన్నచిన్న భాషా మార్పులు పోగయ్యాయి. వాటిలో ఒకటి సేఫ్‌వరార్గ్స్ అనే యానొటేషన్. మెథడ్ రాసినవాళ్లు దాన్ని తగిలిస్తే, ఈ అర్రేతో నేను ప్రమాదకరమైన పనేదీ చేయను అని పూచీ పడ్డట్టు. పిలిచేవాళ్లకు వార్నింగులు ఆగిపోతాయి. పూచీ లేని మెథడ్‌కు, దాన్ని నిర్వచించిన చోటే హీప్ పొల్యూషన్ అవకాశముందని కంపైలర్ చెబుతుంది. బాధ్యత పిలిచేవాడి నుంచి రాసేవాడికి బదిలీ అయింది, నా అంచనాలో ఈ మొత్తం కథలో అత్యంత న్యాయమైన మలుపు ఇదే. యాజ్‌లిస్ట్, యాడ్‌ఆల్ లాంటివాటికి ఆ గుర్తు అప్పుడే పడింది. ఉపక్లాసులు మార్చగలిగే మెథడ్‌లకు ఇది చెల్లదు, ఒకడు పడ్డ పూచీని వారసుడు తప్పవచ్చు కదా. మొదట స్టాటిక్, ఫైనల్ మెథడ్‌లకు, కన్‌స్ట్రక్టర్లకు మాత్రమే అనుమతించారు. 2017లో జావా 9 ప్రైవేట్ మెథడ్‌లను కూడా చేర్చింది.

ఒక్క హెచ్చరిక. ఆ పూచీ నిజమో కాదో కంపైలర్ పూర్తిగా తనిఖీ చేయదు. కాబట్టి సేఫ్‌వరార్గ్స్ రాసేముందు రెండు సంగతులు చూసుకోవాలి: ఆ అర్రేలో ఏమీ రాయడం లేదు కదా, ఆ అర్రే మన మెథడ్ దాటి బయటికి పోవడం లేదు కదా. రిటర్న్ చేయడమే కాదు, ఫీల్డులో దాచుకోవడం, నమ్మకం లేని మరో మెథడ్ చేతికి ఇవ్వడం కూడా బయటికి పోవడమే. చదివి వదిలేసే మెథడ్ అయితే గుర్తు తగిలించండి. కాకపోతే వరార్గ్స్ మానేసి లిస్టు అడగండి. జావా 9లో లిస్ట్.ఆఫ్ వచ్చాక పిలిచేవాళ్లకు అదేమంత భారం కాదు. ఆ లిస్ట్.ఆఫ్‌లో సున్నా నుంచి పది దాకా ఒక్కో సంఖ్యకు ఒక్కో రూపం విడిగా ఉంది, పది దాటితేనే వరార్గ్స్ రూపం. చిన్న లిస్టులకు అర్రే సృష్టించే ఖర్చు తప్పించడం దాని ఉద్దేశం. సప్రెస్‌వార్నింగ్స్ తప్పని చోట ఒక్క వేరియబుల్‌కో, చిన్న మెథడ్‌కో పరిమితం చేసి, ఎందుకు భద్రమో పక్కన ఒక వాక్యం రాయండి. అర్రేలిస్ట్ సోర్సు చేసిందీ దాదాపు ఇదే.

జెనరిక్స్‌కు బీజం వేసిన ఓడర్‌స్కీ తర్వాత స్కాలా భాష తయారుచేసుకున్నాడు. అందులో అర్రేలు కోవేరియంట్ కావు, ఉల్లి అర్రే సరుకు అర్రేగా చెల్లదు. పాత కోడ్ భారం లేని చోట ఆయన ఏం ఎంచుకున్నాడో దాన్నిబట్టి తెలుస్తుంది. జావాలో మాత్రం 1995 నియమమూ అలాగే ఉంది, 2004 చెరిపివేతా అలాగే ఉంది. 2014లో ప్రకటించిన ప్రాజెక్ట్ వల్హల్లా ప్రిమిటివ్ రకాలకూ జెనరిక్స్‌కూ మధ్య ఉన్న దూరాన్ని తగ్గించే పనిలో ఉంది. అంతమాత్రాన మామూలు లిస్టుకు తన రకం గుర్తుకొస్తుందని ఆశపెట్టుకోనక్కరలేదు.

కాబట్టి పని తరగతి గదిలోనే జరగాలి. 2015లో మొదలైన ట్రిపుల్ ఐటీ డీఎం కర్నూలుతో కలిపి ఈ రెండు జిల్లాల్లో జావా చెప్పే అధ్యాపకులకు ఒక విన్నపం. ల్యాబ్ మాన్యువల్‌లో ఒక్క ప్రయోగం చేర్చండి. విద్యార్థి చేత జెనరిక్ వరార్గ్స్ మెథడ్ రాయించండి, నేరుగా ఒకసారి, మధ్యలో ఇంకో జెనరిక్ మెథడ్ పెట్టి మరోసారి పిలిపించండి. ఎక్స్‌లింట్ అన్‌చెక్డ్ పెట్టి కంపైల్ చేయించి, వచ్చిన ప్రతి వార్నింగుకూ కారణం రికార్డులో రాయించాకే సంతకం పెట్టండి.